కార్పొరేటర్ నుంచి ఎమ్మెల్యే దాకా: తరచుగా అడిగే ప్రశ్నలు

మున్సిపల్ ఎన్నికలు వచ్చినప్పుడల్లా, ఆ తర్వాత అసెంబ్లీ టికెట్ల హడావిడి మొదలైనప్పుడల్లా ఇవే ప్రశ్నలు మళ్లీ మళ్లీ వినిపిస్తుంటాయి. డివిజన్‌లో గెలిచిన మనిషి అసెంబ్లీ దాకా ఎలా వెళ్తాడు, వెళ్తే ఊరికి ఏం ఒరుగుతుంది అన్నది తెలుసుకోవాలనుకునేవాళ్ల కోసం ఈ జవాబులు. తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ నగరాలనే ఎక్కువగా దృష్టిలో పెట్టుకుని రాశాను.

కార్పొరేటర్‌కీ ఎమ్మెల్యేకీ అసలు తేడా ఏమిటి?

కార్పొరేటర్ నగరపాలక సంస్థలో ఒక డివిజన్‌కి ప్రతినిధి. ఎమ్మెల్యే శాసనసభలో ఒక నియోజకవర్గానికి ప్రతినిధి. కార్పొరేటర్ కూర్చునే కౌన్సిల్ చట్టాలు చేయదు. రాష్ట్రం చేసిన చట్టం ఎంత అధికారం ఇస్తే అంతలోనే తీర్మానాలు చేస్తుంది, బడ్జెట్ ఆమోదిస్తుంది. ఎమ్మెల్యే ఓటు వేసేది ఆ చట్టం మీదే.

సైజులో తేడా కూడా చిన్నదేం కాదు. 2020 జీహెచ్‌ఎంసీ (గ్రేటర్ హైదరాబాద్ నగరపాలక సంస్థ) ఎన్నికల్లో 150 డివిజన్లకు దాదాపు 74 లక్షల మంది ఓటర్లు. అంటే సగటున డివిజన్‌కి 50 వేలు. అదే నగరంలోని శేరిలింగంపల్లి అసెంబ్లీ స్థానంలో 2023 నాటికి ఓటర్లు 7 లక్షలు దాటారు.

ఎమ్మెల్యే కావాలంటే ముందు కార్పొరేటర్‌గా చేసి ఉండాలా?

అక్కర్లేదు. అలాంటి నిబంధన ఎక్కడా లేదు. మున్సిపల్ ఎన్నికల్లో పోటీకి 21 ఏళ్లు నిండితే చాలు, అసెంబ్లీకి 25, శాసనమండలికి 30. కార్పొరేటర్‌గా నిలబడాలంటే ఆ నగరపాలక సంస్థ పరిధిలో ఓటరై ఉండాలి. ఎమ్మెల్యేగా నిలబడాలంటే రాష్ట్రంలో ఏ నియోజకవర్గంలో ఓటున్నా సరిపోతుంది. ఎన్నికలు నడిపేవాళ్లు కూడా వేరు. మున్సిపల్ ఎన్నికలు రాష్ట్ర ఎన్నికల సంఘం చూస్తుంది, అసెంబ్లీవి కేంద్ర ఎన్నికల సంఘం చూస్తుంది. ఓటరు జాబితాలో పేరు ఉందో లేదో చూసుకోకుండా రెండు సంఘాల మధ్య తిరిగేవాళ్లు ప్రతిసారీ ఉంటారు కాబట్టి ఈ సంగతి గుర్తుంచుకోవడం మంచిది.

21కీ 25కీ మధ్య ఉన్న ఆ నాలుగేళ్లు నాకు చాలా విలువైనవిగా అనిపిస్తాయి. రాజకీయాల్లోకి రావాలనుకునే కుర్రాళ్లకు, అమ్మాయిలకు చట్టమే తెరిచిపెట్టిన తలుపు అది. పార్టీల యువజన విభాగాల్లో ఫ్లెక్సీలు కడుతూ గడిపే కాలాన్ని డివిజన్‌లో పని నేర్చుకుంటూ గడపవచ్చు.

నిజంగా అలా పైకి వచ్చినవాళ్లు ఎవరున్నారు?

చాలామందే ఉన్నారు, అన్ని పార్టీల్లోనూ ఉన్నారు.

వరంగల్ నుంచి మొదలుపెడదాం. నన్నపునేని నరేందర్ 2016లో గ్రేటర్ వరంగల్ మేయర్ అయ్యారు, 2018 డిసెంబర్‌లో వరంగల్ తూర్పు నుంచి ఎమ్మెల్యేగా గెలిచారు, మేయర్ పదవి వదిలేశారు. నెల్లూరులో అనిల్ కుమార్ యాదవ్ కార్పొరేటర్‌గా మొదలై 2014లో, 2019లో నెల్లూరు సిటీ ఎమ్మెల్యేగా గెలిచి మంత్రి కూడా అయ్యారు. హైదరాబాద్‌లో రాజాసింగ్ 2009లో మంగళ్‌హాట్ కార్పొరేటర్, 2014లో గోషామహల్ ఎమ్మెల్యే. మాజిద్ హుస్సేన్ 2012లో హైదరాబాద్ మేయర్ అయి, 2023లో నాంపల్లి ఎమ్మెల్యే అయ్యారు. తీగల కృష్ణారెడ్డి 2002లో నగర ప్రజలు నేరుగా ఓటేసి ఎన్నుకున్న మేయర్. ఆయన మహేశ్వరం ఎమ్మెల్యే అయ్యింది 2014లో. మధ్యలో పన్నెండేళ్లు.

లాస్య నందిత కథ వేరు. 2016లో కవాడిగూడ కార్పొరేటర్‌గా గెలిచారు, 2020లో అదే డివిజన్‌లో ఓడిపోయారు, 2023లో సికింద్రాబాద్ కంటోన్మెంట్ నుంచి ఎమ్మెల్యే అయ్యారు. ఆ తర్వాత కొద్ది నెలలకే 2024 ఫిబ్రవరిలో రోడ్డు ప్రమాదంలో చనిపోయారు. చాలా చిన్న వయసు. డివిజన్‌లో ఓడినవాళ్లు అసెంబ్లీ గురించి ఆలోచించే పనే లేదని పార్టీ ఆఫీసుల్లో తేల్చేస్తుంటారు. ఆమె ప్రయాణం ఆ మాటకు నేరుగా ఎదురుగా నిలుస్తుంది.

మన రాష్ట్రాలు దాటితే దేవేంద్ర ఫడ్నవీస్ 1992లో నాగ్‌పూర్ కార్పొరేటర్, 1997లో 27 ఏళ్లకే మేయర్, 1999లో ఎమ్మెల్యే, 2014లో ముఖ్యమంత్రి. ఢిల్లీలో రేఖా గుప్తా 2007లో కౌన్సిలర్‌గా గెలిచారు. 2015లో, 2020లో అసెంబ్లీకి పోటీ చేసి రెండుసార్లూ ఓడారు. 2025లో గెలిచిన ఆ మొదటిసారే ముఖ్యమంత్రి అయ్యారు.

ఇది ఈమధ్య మొదలైన పద్ధతా?

కాదు, వందేళ్ల కిందటే ఉంది. ఆంధ్ర రాష్ట్రానికి తొలి ముఖ్యమంత్రి అయిన టంగుటూరి ప్రకాశం పంతులు బారిస్టర్ చదువుకి ఇంగ్లండ్ వెళ్లకముందే రాజమండ్రి మున్సిపల్ చైర్మన్‌గా పనిచేశారు. రాజాజీ సేలం మున్సిపాలిటీ చైర్మన్. వల్లభ్‌భాయ్ పటేల్ 1924 నుంచి 1928 దాకా అహ్మదాబాద్ మున్సిపాలిటీ అధ్యక్షుడు. నెహ్రూ అలహాబాద్ మున్సిపల్ బోర్డుకి, సుభాష్ చంద్రబోస్ కలకత్తా నగరపాలక సంస్థకి పనిచేశారు. ఆ తరంలో పెద్ద నాయకులు నీళ్ల పంపులు, మురుగు కాల్వలు, పన్ను వసూళ్లు చూసి వచ్చినవాళ్లే. ఇప్పుడు మున్సిపాలిటీ అంటే చిన్నచూపు చూసేవాళ్లకు ఈ పేర్లు ఒకసారి వినిపించాలి.

డివిజన్‌లో ఐదేళ్లు చేస్తే ఏం నేర్చుకుంటారు?

ఒక గల్లీలో సీసీ రోడ్డు వేయించడం చూద్దాం. బయటి నుంచి చూస్తే "కార్పొరేటర్‌కి చెప్పాం, వేయించలేదు" అన్నంతే. లోపల జరిగేది ఇది. ముందు కార్పొరేటర్ లెటర్‌ప్యాడ్ మీద ప్రతిపాదన వెళ్తుంది. ఏఈ, అంటే అసిస్టెంట్ ఇంజనీర్, టేపు పట్టుకుని వచ్చి కొలుస్తాడు, ఎస్టిమేట్ రాస్తాడు. ఆయన పై ఇంజనీర్లు డీఈ చూస్తాడు, ఈఈ చూస్తాడు, మొత్తాన్ని బట్టి ఇంకా పైకి వెళ్తుంది. ఆ ఏడాది ఆ పద్దులో డబ్బు ఉందో లేదో తేలాలి. మంజూరయ్యాక టెండర్. ఒక్కోసారి టెండర్‌కి ఎవరూ రారు. ఎందుకు రారంటే పోయినేడు చేసిన పనులకే బిల్లులు రాలేదు. ఎలాగో ఒక కాంట్రాక్టర్ ఒప్పుకుని పని మొదలుపెట్టేలోపు నీళ్ల పైపు వాళ్లో కరెంటు కేబుల్ వాళ్లో వచ్చి మేం తవ్వాలి ఆగండి అంటారు. ఆగకపోతే కొత్త రోడ్డు నెలకే తవ్వేస్తారు. పని అయ్యాక ఎంబీలో (కొలతల పుస్తకంలో) కొలతలు ఎక్కాలి, క్వాలిటీ కంట్రోల్ వాళ్లు చూడాలి, అప్పుడు బిల్లు.

ఈ వరసలో ఎక్కడ ఫైలు ఆగుతుందో, ఎవరి టేబుల్ మీద ఆగుతుందో, ఏ ప్రశ్న అడిగితే కదులుతుందో కార్పొరేటర్‌కి రెండో ఏడాదికల్లా తెలిసిపోతుంది. దీన్ని ఏ శిక్షణ తరగతిలోనూ చెప్పరు. "రోడ్లకు ఎంత కేటాయించారు?" అని అందరూ అడుగుతారు. "చేసిన పనులకు ఎన్ని కోట్ల బిల్లులు పెండింగ్‌లో ఉన్నాయి, ఎన్ని టెండర్లకు ఒక్కరూ రాలేదు?" అని అడగాలంటే ఆ ఫైలు వెంట నడిచి ఉండాలి. పురపాలక శాఖ పద్దు మీద అసెంబ్లీలో చర్చ వచ్చినప్పుడు నేను ఎదురుచూసేది ఈ రెండో రకం ప్రశ్న కోసమే. చాలా తక్కువగా వినిపిస్తుంది.

ఇంకొకటి, జనంతో మాట్లాడే తీరు. కార్పొరేటర్ ఇల్లు డివిజన్‌లోనే ఉంటుంది. పొద్దున్నే చెత్త ఆటో రాలేదని ఫోన్, వీధి లైటు వెలగడం లేదని వాట్సాప్‌లో ఫోటో, మధ్యాహ్నం పింఛను కోసం ఓ పెద్దాయన గుమ్మం దగ్గర, రాత్రి డ్రైనేజీ పొంగి ఇంట్లోకి వస్తోందని ఇంకో ఫోన్. పీఏ తీస్తాడులే అనుకునే వీలు ఉండదు. "రేపు చూద్దాం" అని చెప్పి తప్పించుకుంటే రేపు అదే మనిషి టిఫిన్ సెంటర్ దగ్గర ఎదురవుతాడు.

అంత పని అక్కడే ఉంటే అసెంబ్లీకి ఎందుకు వెళ్లడం?

అధికారం అక్కడ ఉంది కాబట్టి. ఈ పేజీలో ఇంకేం చదవకపోయినా ఈ జవాబు మాత్రం చదవమని నా మనవి.

1992లో 74వ రాజ్యాంగ సవరణ చేశారు, 1993 జూన్ 1 నుంచి అమల్లోకి వచ్చింది. పట్టణ ప్రణాళిక, నీటి సరఫరా, రోడ్లు, పారిశుద్ధ్యం, మురికివాడల అభివృద్ధి లాంటి 18 అంశాలతో పన్నెండో షెడ్యూలు చేర్చారు. అయితే ఆ అధికారాలు రాష్ట్ర శాసనసభ నగరాలకు "ఇవ్వవచ్చు" అన్నారు, ఇచ్చి తీరాలని అనలేదు. ఆ ఒక్క వెసులుబాటుతో రాష్ట్రాలు తమకు నచ్చినంత ఇచ్చి, మిగతాది తమ దగ్గరే ఉంచుకున్నాయి.

హైదరాబాద్‌నే చూడండి. తాగునీరు, మురుగునీటి లైన్లు జలమండలి చేతిలో. అది 1989లో వేరే చట్టంతో ఏర్పాటైన సంస్థ. కరెంటు విద్యుత్ పంపిణీ సంస్థది (డిస్కమ్), బస్సులు ఆర్టీసీవి, ట్రాఫిక్ పోలీసులది. మ్యాన్‌హోల్ పొంగితే జనం వెళ్లేది కార్పొరేటర్ దగ్గరికి, కానీ ఆ లైను ఆయన కూర్చునే కౌన్సిల్ కింద లేదు.

పన్నుల సంగతీ అంతే. ఆస్తి పన్ను నగరపాలక సంస్థకి ప్రధాన సొంత ఆదాయం. 2016 జీహెచ్‌ఎంసీ ఎన్నికల ముందు, ఏడాదికి 1,200 రూపాయల లోపు పన్ను కట్టే ఇళ్లకు దాన్ని 101 రూపాయలకు తగ్గించారు. పేద కుటుంబాలకు ఊరట కాబట్టి ఆ నిర్ణయాన్ని తప్పుపట్టడం నా ఉద్దేశం కాదు. కానీ నిర్ణయం రాష్ట్ర ప్రభుత్వానిది, ఆదాయం తగ్గింది నగరపాలక సంస్థకి. ఆంధ్రప్రదేశ్‌లో కూడా అద్దె విలువ మీద వేసే ఆస్తి పన్నుని మూలధన విలువ మీద వేసేలా 2020లో మార్చింది రాష్ట్రమే. ఆ మార్పు మీద కోపం మాత్రం వార్డు స్థాయిలో కౌన్సిలర్లు, కార్పొరేటర్లు భరించారు.

2020 అక్టోబర్‌లో హైదరాబాద్‌లో కుండపోత కురిసి కాలనీలకు కాలనీలు రోజుల తరబడి నీళ్లలో ఉండిపోయాయి. కార్పొరేటర్లు మోకాలి లోతు నీళ్లలో తిరిగారు, తిట్లు తిన్నారు. నాలాలు వెడల్పు చేయాలంటే భూసేకరణ, ఆక్రమణల తొలగింపు, వందల కోట్ల డబ్బు కావాలి. ఏ డివిజన్ కార్పొరేటర్ చేతిలోనూ అది లేదు. తర్వాత రాష్ట్ర ప్రభుత్వం నాలాల కోసం ప్రత్యేక కార్యక్రమం ప్రకటిస్తేనే పని మొదలైంది. ఇది కళ్లారా చూసిన కార్పొరేటర్ అసెంబ్లీకి వెళ్లాలనుకోవడంలో తప్పేముంది? వెళ్లాక ఏం చేస్తాడన్నదే నాకు ముఖ్యం. నగరాలకు అధికారాలు ఇవ్వమని కౌన్సిల్‌లో గొంతు చించుకున్న మనిషి, ఎమ్మెల్యే అయ్యాక ఆ మాటే ఎత్తకపోతే ఆ అనుభవం వృథా అయినట్టే.

టికెట్ ఎలా వస్తుంది?

బి-ఫామ్, అంటే అధికారిక అభ్యర్థి అని రాసిచ్చే పత్రం, ఇచ్చేది పార్టీ. దాని కోసం పార్టీలు చూసేవి మూడు నాలుగు ఉంటాయి: సర్వేలో పేరు, కులాల లెక్క, డబ్బు పెట్టగలడా లేదా, బూత్ స్థాయిలో మనుషులున్నారా లేదా. కార్పొరేటర్‌కి సహజంగా ఉండే బలం చివరిదే. డివిజన్‌లో ప్రతి బూత్‌కీ ఏజెంట్లు ఎవరో ఆయనకు పేర్లతో సహా తెలుసు.

బలహీనత కూడా అక్కడే ఉంది. 2020 ఎన్నికల నాటికి హైదరాబాద్‌లో ఒక అసెంబ్లీ స్థానంలో ఐదారు డివిజన్లు ఉండేవి. సొంత డివిజన్‌లో ఎంత పేరున్నా మిగతా నాలుగైదింట్లో ఆయన ఎవరో చాలామందికి తెలియదు. పైగా ఆ డివిజన్ల కార్పొరేటర్లు కూడా అదే టికెట్ మీద కన్నేసి ఉంటారు. అందుకే టికెట్ ఆశించేవాళ్లు పక్క డివిజన్లలో పెళ్లిళ్లకు, పరామర్శలకు వెళ్లడం రెండు మూడేళ్ల ముందే మొదలుపెడతారు.

డబ్బు విషయానికొస్తే, అధికారికంగా 2020 జీహెచ్‌ఎంసీ ఎన్నికల్లో అభ్యర్థి ఖర్చు పరిమితి 5 లక్షలు. అసెంబ్లీకి మన రాష్ట్రాల్లో 2022 నుంచి 40 లక్షలు. అసలు ఖర్చు ఈ అంకెల దగ్గర ఆగదని ఊళ్లో ఎవరినడిగినా చెబుతారు. ఆస్తిపాస్తులు లేని మంచి కార్పొరేటర్లు ఎందరో ఇక్కడే ఆగిపోతున్నారు. ఈ దారిలో నన్ను అన్నిటికంటే బాధపెట్టేది ఇదే.

పదవిలో ఉండగానే ఎమ్మెల్యేగా పోటీ చేయవచ్చా?

చేయవచ్చు. పోటీకి ముందే రాజీనామా చేయాలన్న షరతు లేదు. గెలిస్తే రెండూ ఉంచుకోవచ్చా అన్నది వేరే సంగతి. ఒకే మనిషి ఎంపీగా, ఎమ్మెల్యేగా కొనసాగడాన్ని రాజ్యాంగమే ఆపుతుంది. కార్పొరేటర్ విషయం రాష్ట్రాల మున్సిపల్ చట్టాలు చూసుకుంటాయి. ఆచరణలో గెలిచినవాళ్లు పాత పదవి వదిలేస్తారు, ఆ డివిజన్ ఖాళీ అవుతుంది. ఆ ఖాళీకి ఉప ఎన్నిక ఎప్పుడొస్తుందో చెప్పలేం. ఆ మధ్యకాలంలో డివిజన్ జనానికి దగ్గరగా ప్రతినిధి ఉండడు. ఉప ఎన్నిక త్వరగా పెట్టమని గెలిచిన ఎమ్మెల్యే గట్టిగా అడగాలి, ఎందుకంటే ఆ ఖాళీకి కారణం ఆయనే.

మేయర్ అయితే దారి సులువవుతుందా?

పేరు వస్తుంది, ఫోటోలు వస్తాయి. అధికారం అనుకున్నంత రాదు. నగరపాలక సంస్థలో కార్యనిర్వహణ అధికారం కమిషనర్‌ది. పెద్ద నగరాల్లో ఆయన రాష్ట్ర ప్రభుత్వం నియమించే ఐఏఎస్ అధికారి. మేయర్ కౌన్సిల్‌కి అధ్యక్షత వహిస్తారు. నగర ప్రజలు నేరుగా ఎన్నుకున్న రోజుల్లో, అంటే విజయవాడలో 2000లో, హైదరాబాద్‌లో 2002లో, మేయర్‌కి నగరమంతా ఓటేసిన బలం ఉండేది. తర్వాత కార్పొరేటర్లే ఎన్నుకునే పద్ధతి వచ్చింది. ఆ ఎన్నికలో ఎక్స్ అఫీషియో (పదవి రీత్యా) సభ్యులుగా ఎమ్మెల్యేలు, ఎంపీలు, ఎమ్మెల్సీలు కూడా ఓటేస్తారు. కౌన్సిల్‌లో లెక్కలు మారితే మేయర్ కుర్చీ కదులుతుంది. విశాఖలో 2025 ఏప్రిల్‌లో అవిశ్వాస తీర్మానం నెగ్గి మేయర్ దిగిపోవాల్సి వచ్చింది.

ఎమ్మెల్సీ దారి కూడా ఉందంటారు, నిజమేనా?

ఉంది. శాసనమండలిలో దాదాపు మూడో వంతు స్థానాలు స్థానిక సంస్థల కోటా. వాటికి ఓటర్లు కార్పొరేటర్లు, కౌన్సిలర్లు, జడ్పీటీసీలు, ఎంపీటీసీలు. తోటి కార్పొరేటర్లతో సత్సంబంధాలు ఉన్నవాళ్లకు ఇది బాగా పనికొస్తుంది. విశాఖలో వంశీకృష్ణ శ్రీనివాస్ యాదవ్ 2021 మార్చిలో కార్పొరేటర్, అదే ఏడాది డిసెంబర్‌లో స్థానిక సంస్థల ఎమ్మెల్సీ, 2024లో విశాఖ దక్షిణ ఎమ్మెల్యే. మూడేళ్లలో మూడు పదవులు, అంత వేగంగా అందరికీ జరగదు. విజయవాడలో పంచుమర్తి అనురాధ 2000లో 26 ఏళ్ల వయసులోనే మేయర్‌గా గెలిచారు. ఎమ్మెల్యేల కోటాలో ఎమ్మెల్సీ అయ్యింది 2023లో.

మహిళలకు ఈ దారి ఎలా ఉంది?

మొదటి మెట్టు బాగుంది, రెండోది ఇంకా తయారు కాలేదు. రాజ్యాంగం మున్సిపాలిటీల్లో మహిళలకు కనీసం మూడో వంతు సీట్లు ఇచ్చింది. మన రెండు రాష్ట్రాలూ దాన్ని సగానికి పెంచాయి. అసెంబ్లీలో మాత్రం ఇప్పటికీ రిజర్వేషన్ అమల్లోకి రాలేదు. 2023లో 106వ సవరణ చేసినా దాన్ని జనగణనకీ, ఆ తర్వాత నియోజకవర్గాల పునర్విభజనకీ ముడిపెట్టారు.

దీనివల్ల ఏం జరుగుతోందంటే, డివిజన్ మహిళా రిజర్వ్ అయిన ఐదేళ్లు ఒక అక్క బాగా పనిచేసి పేరు తెచ్చుకుంటుంది. తర్వాతి ఎన్నికకి రొటేషన్‌లో డివిజన్ జనరల్ అవుతుంది, పార్టీ ఆవిడ భర్తకో ఇంకో మగ నాయకుడికో టికెట్ ఇస్తుంది. అసెంబ్లీ టికెట్ల దగ్గర ఆవిడ పేరే ఎత్తరు. మహిళా కార్పొరేటర్ల బదులు భర్తలే ఆఫీసులో కూర్చుంటారని ఎద్దేవా చేసేవాళ్లు ఉంటారు. అది కొన్నిచోట్ల నిజమే. కానీ మీటింగ్‌లో ఎజెండా కాగితాలు ముందేసుకుని ఒక్కో అంశం మీద అధికారుల్ని నిలదీసే మహిళా కార్పొరేటర్లు ప్రతి నగరంలోనూ ఉన్నారు. రెండో మెట్టు ముందు వాళ్లని ఆపేస్తున్నది పార్టీలే.

ఇద్దరు పిల్లల నిబంధన ఎమ్మెల్యేలకూ ఉందా?

లేదు, ఎప్పుడూ లేదు. ఉమ్మడి రాష్ట్రంలో స్థానిక సంస్థల అభ్యర్థులకు మాత్రమే పెట్టారు. అంటే ఆ నిబంధన కింద ముగ్గురు పిల్లలున్న మనిషి ఎమ్మెల్యే కావచ్చు, కార్పొరేటర్ కాకూడదు. ఆంధ్రప్రదేశ్ శాసనసభ 2024 నవంబర్‌లో ఈ నిబంధన తీసేసింది. తీసేయడమే న్యాయం. శాసనసభలో కూర్చున్నవాళ్లు తమకు లేని షరతు కింది వాళ్లకు పెట్టడం మొదటి నుంచీ తప్పే.

పార్టీ మారితే పదవి పోతుందా?

ఎమ్మెల్యేకి పదో షెడ్యూలు వర్తిస్తుంది. 1985లో వచ్చిన ఫిరాయింపుల నిరోధక చట్టం అదే. అది పార్లమెంటు, శాసనసభలు, శాసనమండళ్లకే. కార్పొరేటర్లకు ఆ షెడ్యూలు వర్తించదు. మేయర్, చైర్మన్ ఎన్నికలో విప్ (ఎవరికి ఓటేయాలన్న పార్టీ ఆదేశం) ధిక్కరిస్తే వేటు పడేలా రాష్ట్ర చట్టాల్లో ఏర్పాటు ఉంది. ఆ ఎన్నిక అయిపోయాక కండువాలు మార్చుకోవడం ఎంత సులువో అందరం చూస్తూనే ఉన్నాం. ఆ అలవాటుతో అసెంబ్లీకి వచ్చినవాళ్లు అక్కడా అదే చేయబోతే అనర్హత పిటిషన్ ఎదుర్కోవాల్సి ఉంటుంది.

అసెంబ్లీకి వచ్చాక కొత్తగా ఏం నేర్చుకోవాలి?

చట్టం చదవడం. కౌన్సిల్‌లో ఎజెండా అంశాలు చాలావరకు పనులు, మంజూర్లు. సభలో బిల్లులు వస్తాయి. సెక్షన్లు, సవరణలు, "అనే పదాలకు బదులుగా" అంటూ సాగే వాక్యాలు. ఒక్కో బిల్లు ముందు రోజు చేతికొస్తుంది, మర్నాడు ఆమోదం పొందుతుంది. చదవకపోతే చేయి ఎత్తడమే మిగులుతుంది.

సమయం కూడా. కౌన్సిల్‌లో లేచి నిలబడి పది నిమిషాలు మాట్లాడినా నడుస్తుంది. అసెంబ్లీలో జీరో అవర్‌లో దొరికేది ఒకటి రెండు నిమిషాలు. నక్షత్ర గుర్తు ప్రశ్న, అంటే సభలో నోటితో జవాబు రావాల్సిన ప్రశ్న, ముందే రాసి ఇవ్వాలి, దానికి మంత్రి జవాబు చెప్పాక అనుబంధ ప్రశ్న అడిగే అవకాశం వస్తుంది. ఆ అనుబంధ ప్రశ్న దగ్గరే కార్పొరేటర్ అనుభవం పనికొస్తుంది. మంత్రి "పనులు ప్రగతిలో ఉన్నాయి" అని చదివినప్పుడు, ఎక్కడ ఆగాయో తెలిసిన మనిషి మాత్రమే వెంటనే రెండో మాట అడగగలడు.

డివిజన్‌లో లేని విషయాలు చాలా ఉంటాయి: సాగునీరు, విద్యుత్ కొనుగోళ్లు, అప్పులు. నగర ఎమ్మెల్యేలు వ్యవసాయ చర్చ వస్తే బయటికి వెళ్లిపోతారన్న పేరుంది. ఓటేసేటప్పుడు వాళ్లు రాష్ట్రమంతటికీ ఓటేస్తారు కాబట్టి ఇది మారాలి.

ఎమ్మెల్యే అయ్యాక కార్పొరేటర్లతో గొడవలెందుకు?

శిలాఫలకం మీద పేరు ఎక్కడుండాలన్న దాని దగ్గర మొదలవుతాయి. ప్రోటోకాల్ ప్రకారం ఎవరిని పిలవాలి, కొబ్బరికాయ ఎవరు కొట్టాలి, ఏఈ ఎవరి మాట వినాలి. ఎమ్మెల్యేకి నియోజకవర్గ నిధులు ఉంటాయి, అధికారుల బదిలీల్లో ఆయన మాట చెల్లుతుంది. దాంతో ఏఈ, డిప్యూటీ కమిషనర్ సహజంగానే అటు మొగ్గుతారు. వేరే పార్టీ కార్పొరేటర్ అయితే ఆ డివిజన్ పనులు నెమ్మదిస్తాయి. నిన్నటిదాకా ఇదే అన్యాయం అని మొత్తుకున్నవాళ్లు కుర్చీ మారగానే అదే చేయడం నన్ను నిజంగా నిరాశపరుస్తుంది. కార్పొరేటర్‌గా ఉన్నప్పుడు ఎమ్మెల్యే ఆఫీసు బయట గంటలు గంటలు కూర్చున్న మనిషికి అది ఎలా ఉంటుందో ఒకరు చెప్పాలా?

మున్సిపల్ ఎన్నికలే జరగకపోతే?

అప్పుడు ఈ దారే మూసుకుపోతుంది. జరగకపోవడం అరుదేమీ కాదు. హైదరాబాద్‌లో 1986 తర్వాత మళ్లీ 2002లో గానీ నగర ఎన్నికలు రాలేదు. విశాఖలో 2007లో ఎన్నికైన కౌన్సిల్ గడువు 2012లో ముగిస్తే, కొత్తది వచ్చింది 2021లో. తొమ్మిదేళ్లు ప్రత్యేకాధికారి పాలన. ఆ తొమ్మిదేళ్లలో 21 నిండి, డివిజన్‌లో పోటీ చేయాలనుకున్న కుర్రాళ్లు ముప్పై దాకా ఎదురుచూశారు.

రాజ్యాంగంలో 243యు అధికరణం కౌన్సిల్ గడువు ఐదేళ్లనీ, అది ముగిసేలోపే ఎన్నిక పూర్తి చేయాలనీ స్పష్టంగా చెబుతోంది. 2006లో కిషన్‌సింగ్ తోమర్ కేసులో సుప్రీంకోర్టు కూడా అదే గట్టిగా చెప్పింది. అయినా వార్డుల విభజన అనీ, రిజర్వేషన్ల లెక్క తేలలేదనీ వాయిదాలు పడుతూనే ఉంటాయి. రిజర్వేషన్ల లెక్క సరిగ్గా తేల్చడం అవసరమే, బీసీల వాటా చిన్న విషయం కాదు. ఆ లెక్క గడువుకి ముందే మొదలుపెట్టడానికి అడ్డేముంది?

కౌన్సిల్ లేని నగరంలో గల్లీ సమస్య కూడా ఎమ్మెల్యే దగ్గరికే వస్తుంది. కొందరు ఎమ్మెల్యేలకు అది సుఖంగానే ఉంటుంది, పోటీ ఉండదు కాబట్టి. అందుకే డివిజన్ నుంచి వచ్చిన ఎమ్మెల్యేల మీద నాకు ఆశ ఎక్కువ. గడువు ముగుస్తున్న కౌన్సిల్ గురించి ఆరు నెలల ముందే సభలో లేచి అడగాల్సింది వాళ్లే.

జీతంలో తేడా ఎంత?

చాలా. కార్పొరేటర్‌కి వచ్చేది గౌరవ వేతనం, నెలకు వేలల్లో. తెలంగాణలో 2016లో పెంచాక ఎమ్మెల్యేకి జీతం, నియోజకవర్గ భత్యం కలిపి నెలకు 2.5 లక్షలు. రోజంతా డివిజన్‌లో తిరిగే మనిషికి పెట్రోలు ఖర్చు కూడా సరిగ్గా రాని గౌరవ వేతనం ఇచ్చి, నిజాయితీగా ఉండమనడం ఎంతవరకు సబబో చట్టాలు చేసేవాళ్లు ఆలోచించాలి.

మా ఎమ్మెల్యే అభ్యర్థి కార్పొరేటర్‌గా ఏం చేశాడో ఎలా తెలుసుకోవాలి?

కరపత్రంలో రాసింది పక్కన పెట్టి మూడు కాగితాలు తెచ్చుకోండి. మొదటిది కౌన్సిల్ సమావేశాల మినిట్స్. ఎన్ని మీటింగులకు వచ్చాడు, ఏం మాట్లాడాడు, ఏ తీర్మానానికి అభ్యంతరం చెప్పాడు అన్నవి అందులో ఉంటాయి. నగరపాలక సంస్థ వెబ్‌సైట్‌లో లేకపోతే సమాచార హక్కు చట్టం కింద 10 రూపాయల ఫీజుతో దరఖాస్తు పెట్టండి, 30 రోజుల్లో జవాబివ్వాలి. రెండోది డివిజన్‌లో మంజూరైన పనుల జాబితా. ఎన్ని మంజూరయ్యాయి, ఎన్ని పూర్తయ్యాయి, ఎన్నింటికి బిల్లు చెల్లించారు అని మూడూ విడివిడిగా అడగండి. కలిపి అడిగితే మంజూరైన అంకె ఒక్కటే వస్తుంది.

మూడోది అఫిడవిట్లు. కార్పొరేటర్‌గా పోటీ చేసినప్పుడు ఇచ్చినది రాష్ట్ర ఎన్నికల సంఘం దగ్గర ఉంటుంది, ఎమ్మెల్యేగా ఇచ్చినది కేంద్ర ఎన్నికల సంఘం వెబ్‌సైట్‌లో దొరుకుతుంది. రెండూ పక్కపక్కన పెట్టి ఆస్తుల పేజీ, కేసుల పేజీ చూడండి. నామినేషన్ల గడువు ముగిసిన రోజు నుంచి పోలింగ్‌కి ఉండేది రెండు మూడు వారాలే కాబట్టి, సమాచార హక్కు దరఖాస్తులు మాత్రం నోటిఫికేషన్ రాకముందే పెట్టుకోవాలి.